దక్షిణానికి తల పెట్టిన సమాధి

సిల్వియాకు కోపం వస్తే ముందు గొంతు తగ్గుతుంది. ఆ సంగతి తెలియక, ఆమె మెత్తగా మాట్లాడుతోంది గదా అని గంగాధరరావు కుర్చీలో ఇంకాస్త వెనక్కి వాలాడు.

గణపవరం దాటి ఆరు కిలోమీటర్లు లోపలికి వస్తే అతని చేపల చెరువు. గట్టు మీద రేకుల షెడ్డు, షెడ్డులో ఈ కుర్చీ. సిల్వియా ఏలూరులో ఎనిమిదింటికి బయలుదేరి, దారిలో సలోమమ్మను కారెక్కించుకుని, పదింపావుకల్లా గేటు దగ్గర దిగింది. తాళం తీయించడానికి అతను తీసుకున్నది గంటా పది నిమిషాలు. అంతసేపూ సలోమమ్మ, డెబ్బయ్యేళ్ల మనిషి, తన ఇంటివాళ్ల పేరున పాస్‌పుస్తకం ఉన్న భూమి ముందు, ఫిబ్రవరి ఎండలో నిలబడింది. ఎవడైనా ఒక స్టూలు తెచ్చి వేస్తాడేమోనని సిల్వియా చూసింది. ఎవడూ వెయ్యలేదు. అప్పటినుంచే ఆమెకు ఒళ్లు మండుతోంది.

తగాదా మొత్తం ఎకరం ఎనభై సెంట్ల మీద. సలోమమ్మ మామగారు కొన్న భూమి. రిజిస్టరు దస్తావేజు ఉంది, పాస్‌పుస్తకం ఉంది. 2009లో ఆమె భర్త వరదానం దాన్ని నోటిమాట మీద గంగాధరరావుకు లీజుకిచ్చాడు. అతను పక్క పొలాలతో కలిపి చెరువు తవ్వుకున్నాడు. 2013లో వరదానం పోయాడు. చెరువుకు వాయవ్య మూల గట్టు వెడల్పుగా ఉంటుంది, అది తన భూమే, తనను అక్కడే పెట్టమని పోయేముందు అడిగాడు. అలాగే పెట్టారు.

ఇప్పుడు గంగాధరరావు కోర్టులో చెప్పే కథ వేరు. లీజు కాదట, 2009లోనే వరదానం తనకు అమ్మేశాడట, ఆనాటి నుంచి ఆ నేల మీద ఇంకొకరి అడుగు పడలేదట. కాగితం మీద పేరు ఎవరిదైనా, పన్నెండేళ్లకు పైబడి ఎదురు లేకుండా అనుభవించినవాడు ఇది నాదే అనడానికి చట్టంలో ఒక దారి ఉంది. ఆ దారికి అడ్డంగా ఉన్నది ఒక్కటే, వరదానం సమాధి. అమ్ముకున్నవాడిని తీసుకొచ్చి ఆ భూమిలోనే పాతిపెట్టరు గదా. ఏటా నవంబరు రెండున సమాధుల పండుగకు భార్యాబిడ్డలు వచ్చి సున్నం వేసి కొవ్వొత్తులు వెలిగిస్తుంటే, ఇక్కడ ఎవరి అడుగూ పడలేదని ఏ నోటితో అంటాడు?

అందుకని ఇంకో మాట పుట్టించాడు. సమాధి ఉన్నమాట నిజమే గానీ అది ఆ భూమిలో లేదు, పక్కనున్న మురుగు కాలువ గట్టు మీద, సర్కారు పోరంబోకులో ఉంది అన్నాడు. డిసెంబరులో గేటు పెట్టి తాళం వేశాక సలోమమ్మ ఇటు రానేలేదు, కాబట్టి కాదనడానికి ఆమె దగ్గర మాట తప్ప మరేం లేదు. తేల్చడానికి కోర్టువారు శాలిని అనే లాయరమ్మను కమిషనరుగా వేశారు. మధ్యాహ్నం మూడింటికి ఆమె వస్తుంది, కొలుస్తుంది, కంటికి కనబడింది రాసుకుపోతుంది. ఆ రాతలో సమాధి హద్దు అవతల పడిందంటే సలోమమ్మకు ఎకరం ఎనభై సెంట్లూ పోయినట్టే.

సిల్వియా ఒకప్పుడు మండల సర్వేయరు. తప్పుడు హద్దుల మీద సంతకం పెట్టమన్నారు. పెట్టలేదు. గొడవ పెద్దదై ఉద్యోగమే వదులుకుంది. ఇప్పుడు పవర్‌పేటలో చిన్న ఆఫీసు పెట్టుకుని, భూమి తగాదాల్లో లాయర్లకు నిజం వెతికిపెట్టే పని చేస్తోంది. ఇవాళ వచ్చింది సలోమమ్మ లాయరు కోసం.

"సమాధి కట్టిన రోజు మీరున్నారా అండి?" అని అడిగింది గంగాధరరావుని.

"ఉన్నానండి. దండ కూడా వేశాను."

"కాలువ గట్టు మీదే కట్టారా?"

"మరి? నా చెరువు గట్టు మీద శవాన్ని పెట్టనిస్తానా అండీ? కాలువ గట్టయితే ఎవరికీ అడ్డం కాదని నేనే చెప్పాను. పాపం, వరదానం మంచోడు."

పాపం అన్న మాట అతని నోట్లోంచి వస్తే సిల్వియాకు అరికాలి మంట నెత్తికెక్కింది. గొంతు ఇంకో మెట్టు దించింది. ఈ గట్టు మీదికి పొక్లెయిన్ ఆఖరున ఎప్పుడొచ్చిందని అడిగింది. పోయిన మే నెలలో, చెరువు ఎండగట్టినప్పుడు అన్నాడు. ఆ తర్వాత? రాలేదు. ఒక్కసారి కూడా? ఒక్కసారి కూడా రాలేదండి, చెరువులో చేప ఉండగా పొక్లెయిన్‌తో నాకేం పని అన్నాడు.

"జనవరి పదకొండున ఇక్కడ వాన పడిందండి. ఆ బురద ఎండి గట్టిపడింది. దాంట్లో పొక్లెయిన్ గొలుసు అచ్చులు గేటు దగ్గర్నుంచి వాయవ్య మూల దాకా ఉన్నాయి. మే నెల అచ్చులు జనవరి బురదలోకి ఎలా వచ్చాయి?"

గంగాధరరావు టీ తెప్పించమంటారా అన్నాడు. వద్దంది. అది పక్క చెరువు వాళ్ల పొక్లెయిన్ అయ్యుంటుంది, దారి కోసం ఇటు వచ్చుంటుంది, నేను ఆకివీడులో ఉంటాను, ఏ బండి ఎప్పుడొచ్చిందో నాకేం తెలుస్తుంది అన్నాడు. ఎవరికి తెలుస్తుందని అడిగితే, విశ్వాసాన్ని అడుక్కోండి, పదిహేనేళ్లుగా ఇక్కడే పడుంటాడు అని గట్టు వైపు చెయ్యి చూపించాడు.

విశ్వాసం ఒడ్డున మేత సంచులకు చిల్లులు పొడిచి పడవలోకి సర్దుతున్నాడు. యాభై అయిదేళ్ల మనిషి, నీళ్లలో నాని పగిలిన పాదాలు. సలోమమ్మదీ అతనిదీ ఒకే పేట, ఒకే చర్చి. ఆమెను చూడగానే నెత్తి మీద తువ్వాలు తీసి వందనాలమ్మా అన్నాడు. ఆ తర్వాత తలెత్తలేదు. పది అడుగుల దూరంలో గంగాధరరావు మేనేజరు ఫోను చెవి దగ్గర పెట్టుకుని నిలబడ్డాడు. ఫోనులో మాట్లాడుతున్నవాడు మధ్యమధ్య నోరు కదపాలి గదా. అతను కదపడం లేదు. సిల్వియా అది చూసింది. చూసి కూడా లెక్కచెయ్యలేదు. కోపంలో ఉన్న మనిషికి కళ్లు పనిచేసినంతగా బుర్ర పనిచెయ్యదు.

సమాధిని ఎవరు కదిపారని అడిగింది. తెలీదండి అన్నాడు. పొక్లెయిన్ వచ్చిందా అంది. నాకు తెలీదండి, ఆ పూట నేను మేత పడవలో ఉన్నాను అన్నాడు.

"ఏ పూట? నేను ఏ పూటా చెప్పలేదే."

సంచిలో చిల్లు పొడుస్తున్న మేకు విశ్వాసం చేతిలోనే ఆగిపోయింది. మేనేజరు రెండడుగులు దగ్గరికి జరిగాడు.

సిల్వియాకు ఇక ఆగలేదు. నీతో కలిసి గుడిలో బల్లారాధనకు మోకరించిన మనిషి సమాధిని పెకలిస్తుంటే నువ్వు చేపలకు మేత వేస్తున్నావా, రేపు ఆదివారం ఏ మొహంతో గుడికెళ్తావు, ఈ ముసలావిడ పక్కన ఎలా కూర్చుంటావు అని నోటికొచ్చినట్టు కడిగేసింది. సలోమమ్మ చెయ్యి పట్టుకుని ఊరుకోమ్మా ఊరుకో అంటున్నా ఆగలేదు. అతను అన్నీ విన్నాడు. విని, పడవ తాడు విప్పుతూ, ఎవరికీ కాదన్నట్టు మెల్లగా అన్నాడు.

"మీరూ మనలో పుట్టినోళ్లే గదండీ. సమాధి కాడికెళ్లి, ఆయన కాళ్ల దగ్గర నిలబడి, ఓసారి ప్రార్థన చేసుకోండమ్మా."

"ప్రార్థన సంగతి నువ్వు నాకు చెప్పకు" అంది సిల్వియా. పడవ వెళ్లిపోయింది.

పన్నెండు దాటింది. ఇద్దరూ కాలువ గట్టు మీదికి నడిచారు. సమాధి అక్కడే ఉంది, గంగాధరరావు కోర్టుకు చెప్పినట్టే, కాలువ పొడవునా పడుకుని, తెల్లగా సున్నం వేసి. పైన వరదానం పేరు చెక్కిన పలక, తల దగ్గర సిమెంటు సిలువ. సలోమమ్మ పలకను తడిమి చూసింది. ఇది ఆయనదే, ఈ మూల నా మనవరాలు పుట్టినప్పుడే పగిలింది అంది. అని, చుట్టూ చూసి, చోటు మాత్రం ఇది కాదమ్మా అంది.

చోటు ఇది కాదని ఆమె అంటే సరిపోదు. ఇక్కడ ఎటు చూసినా నీళ్లు, నీళ్ల మధ్య గట్లు. ముసలావిడకు జ్ఞాపకం తప్పిందంటే అయిపోయింది. సిల్వియా బ్యాగులోంచి చాకు తీసింది. ముందు సిలువ అడుగున, ఎవరికీ కనబడని వైపు, సున్నాన్ని కొంచెం కొంచెంగా గీకింది. పొర కింద పొర, కొన్ని తెలుపు, కొన్ని నీలిమందు ఎక్కువై నీలంగా. భూతద్దం పెట్టి రెండుసార్లు లెక్కపెట్టింది. పదమూడు. 2013 నవంబరు నుంచి 2025 నవంబరు దాకా పదమూడు సమాధుల పండుగలు. తర్వాత కింద ఇటుక కట్టడాన్ని గీకింది. ఒకటే పొర, దాని కింద ఇంకా పచ్చి వాసన పోని సిమెంటు. పలకా సిలువా పాతవి, అడుగు కొత్తది.

ఆమె ఇదంతా ఫోటోలు తీస్తుంటే, సలోమమ్మ సంచిలోంచి బంతిపూల దండ తీసింది. కాళ్ల దగ్గర పెడదామని తూర్పు వైపుకి నడిచింది. అక్కడ సమాధి కాళ్లు లేవు, పక్క ఉంది. ఆగిపోయింది. వెనక్కొచ్చి మళ్లీ అదే వైపుకు వెళ్లింది. మళ్లీ ఆగిపోయింది. పదమూడేళ్లుగా నిలబడిన చోటు కాళ్లు వెతుక్కుంటున్నాయి, దొరకడం లేదు.

"ఏంటమ్మా, ఎటు నిలబడాలో తెలీడం లేదు నాకు" అంది, చిన్నపిల్లలా.

సిల్వియా చాకు మడిచింది. సర్వేయరుగా పనిచేసినదానికి దిక్కులు చూడటానికి దిక్సూచి అక్కర్లేదు. కాలువ ఉత్తరం నుంచి దక్షిణానికి పోతోంది. సమాధి దాని పొడవునే ఉంది. సిలువ దక్షిణం కొసన ఉంది. అంటే తల దక్షిణానికి.

వీళ్ల చర్చిలో ఎవరినీ అలా పెట్టరు. తల పడమరకు, కాళ్లు తూర్పుకు. ప్రభువు వచ్చిన రోజున లేచి కూర్చుంటే ముఖం తూర్పుకు ఉండాలని, మిషనరీల నాటినుంచి అదే పద్ధతి. శవాన్ని దక్షిణానికి తల పెట్టి పడుకోబెట్టేది గంగాధరరావు లాంటి హిందువుల ఇళ్లల్లో. అందుకే ఈ సమాధిని చూసి అతనికి ఏ అనుమానమూ రాలేదు. అతని కంటికి అంతా సవ్యంగానే కనబడి ఉంటుంది.

పండుగ రోజు ఫోటోలేమైనా ఉన్నాయా అని అడిగింది. మనవరాలు పంపిందని సలోమమ్మ ఫోను తీసింది. సిలువ పక్కన ఇద్దరు మనవలు, కాళ్ల దగ్గర కొవ్వొత్తులు, సిలువ వెనకాల నేరుగా ఎర్రటి సూర్యుడు. ఫోటో మూలన తేదీ, టైము అచ్చై ఉన్నాయి. నవంబరు రెండు, సాయంత్రం అయిదు తొమ్మిది. దిగిపోయే పొద్దు సిలువ వెనక ఉందంటే, ఆ రోజుకి సిలువ పడమర కొసన ఉంది. ఇప్పుడు దక్షిణం కొసన ఉంది. చచ్చినవాడు తనంతట తాను తిరిగి పడుకోడు.

సిల్వియా ఒక నిర్ణయం తీసుకుంది, మంచి నిర్ణయం. ఇదంతా నోటితో ఎవరి ముందూ అనకూడదు. కాగితం మీద రాసి, ఫోటోలతో సహా, కమిషనరు చేతిలో మాత్రమే పెట్టాలి. అరగంట కూర్చుని రాసింది కూడా. ఆ కాగితం మడిచి బ్యాగులో పెట్టుకుంది.

మూడింటికి శాలిని వచ్చింది, వెనకే ఇంకో కారులో ప్రసాదరావు. రిటైరైన సర్కిల్ ఇన్‌స్పెక్టరు. తాడేపల్లిగూడెంలో డిటెక్టివ్ ఏజెన్సీ బోర్డు పెట్టుకుని, డబ్బున్నవాళ్లకు కావలసిన నిజాలు తయారుచేసి ఇస్తుంటాడు. సిల్వియా ఉద్యోగం వదిలిన గొడవలో అవతలివైపు సాక్షి అతనే. మేడమ్ గారు బాగున్నారా, ఎండలో నల్లబడిపోయారండీ అని పలకరించాడు.

టేపు పట్టారు. హద్దు రాయి నుంచి సమాధి అరవై రెండు అడుగుల అవతల. శాలిని చిన్నదే గానీ పనిమంతురాలు, చూసింది చూసినట్టు రాసుకుంటోంది. అడుగున ఇటుకలు కొత్తగా ఉన్నాయే అని తనే అడిగింది. ప్రసాదరావు దగ్గర జవాబు సిద్ధంగా ఉంది. పగుళ్లిస్తే గంగాధరరావు గారే పుణ్యానికి బాగుచేయించారండీ, పరాయివాడి సమాధి అని కూడా చూడలేదు అన్నాడు. శాలిని అది కూడా రాసుకుంది.

సలోమమ్మ ముందుకొచ్చి, అమ్మా ఇది కాదు, ఆ మూల, ఆ కొత్తమట్టి ఉన్నచోట ఉండేది అని చెప్పబోయింది. ప్రసాదరావు నవ్వాడు.

"కమిషనరు గారూ, ఒక్క మాటండి. భర్త పోయిన పదమూడేళ్లకు భూమికి రేటొచ్చిందని ఈవిడకు భర్త గుర్తొచ్చాడు. శవాన్ని అడ్డం పెట్టుకుని బేరాలాడేవాళ్లని నా సర్వీసులో చాలామందిని చూశానండి."

సలోమమ్మ చేతిలో దండ ఇంకా అలాగే ఉంది. ఆమె తల వంచుకుంది. తప్పు చేసినదానిలా ఆమె తల వంచుకోవడం చూసేసరికి సిల్వియా రాసి పెట్టుకున్న కాగితమూ, తీసుకున్న మంచి నిర్ణయమూ ఎటు పోయాయో పోయాయి. పొద్దుటినుంచి లోలోపల ఉడికింది ఒక్కసారిగా పొంగింది. ఈసారి గొంతు తగ్గలేదు.

అందరి ముందూ చెప్పేసింది. సిలువ మీద పదమూడు పొరలు, ఇటుకల మీద ఒకటి. ఫోటోలో సిలువ వెనక సూర్యుడు. సలోమమ్మ ఫోను తీసి శాలిని చేతిలో పెట్టింది. గట్టు ఇరుకని పొడవునా కట్టారేమో అని ప్రసాదరావు అడ్డం వచ్చాడు. పన్నెండడుగుల గట్టు ఇది, మేత లారీ తిరుగుతుంది, ఆరడుగుల సమాధి అడ్డంగా పట్టదా అని అతని గాలి తీసేసింది. శాలిని ఫోటోనూ సమాధినీ మార్చి మార్చి చూసింది. తర్వాత పెన్ను తీసి, సిలువ ఏ దిక్కున ఉందో పెద్ద అక్షరాలతో రాసుకుంది. సున్నం పెళ్ల ఒకటి కవరులో వేసి సీలు చేసింది. సిల్వియా అంతటితో ఆగొచ్చు. ఆగలేదు.

"దొంగతనం చేసినా తెలివిగా చెయ్యాలి, ప్రసాదరావు గారూ. తల దక్షిణానికి పెట్టించారు. మా చర్చిలో పుట్టినవాడెవడూ ఈ తప్పు చెయ్యడు."

ప్రసాదరావు మొహంలో కోపం వస్తుందని ఆమె చూసింది. రాలేదు. అతను కాసేపు సిలువ వైపే చూశాడు.

"ఎవడూ చెయ్యడంటారు. పొరపాటున కూడానా అండి?"

"పొరపాటున కూడా. ఆదివారం బడికి వెళ్లే పిల్లాడు కూడా చెయ్యడు."

"థాంక్సండి" అన్నాడు ప్రసాదరావు, ఎంతో మర్యాదగా. గంగాధరరావు దగ్గరికి నడిచి చెవిలో రెండు మాటలు చెప్పాడు. గంగాధరరావు ఒకసారి వెనక్కి తిరిగి చెరువు వైపు చూసి, ఎవరికీ చెప్పకుండా షెడ్డు వైపు వెళ్లిపోయాడు. అతని మేనేజరు వెనకే పరుగెత్తాడు. నాలుగూ అయిదు. తోక ముడిచారనుకుంది సిల్వియా. ఎన్నేళ్ల కసో తీరినట్టయింది ఆమెకు. శాలిని ఇంకో పావుగంట ఉండి, కొత్తమట్టి ఉన్న మూలను కూడా కొలిచి, అక్కడ తవ్వి చూడటానికి అనుమతి కావాలని కోర్టుకు ఈ సాయంత్రమే రాస్తానని చెప్పి వెళ్లింది.

గెలిచినట్టే. సలోమమ్మ భుజం మీద చెయ్యి వేసి ఆ మాటే చెప్పింది సిల్వియా. ముసలావిడ నవ్వలేదు.

"రాయి సంగతి సరేనమ్మా. రాయి ఇక్కడుంది. మరి ఆయనెక్కడ?"

సిల్వియా పొద్దుటినుంచి అడుగులూ పొరలూ దిక్కులూ లెక్కపెట్టిందే తప్ప, ఈ ప్రశ్న ఒక్కసారి కూడా ఆమె బుర్రలోకి రాలేదు. సిగ్గేసింది. పొక్లెయిన్ తొట్టి ఆ మూలను తవ్వినప్పుడు పైకి వచ్చిన ఎముకలను ఎవడో చేత్తో ఏరి ఉండాలి, లేదా మట్టితోపాటు చెరువులోకి తోసేసి ఉండాలి. ఏరినవాడికే తెలుస్తుంది. మొదట్లో ఆయనకు గుంట తవ్విందెవరని అడిగింది, ఎంత లోతున పెట్టారో తెలిస్తే కోర్టుకు రాయొచ్చని.

"విశ్వాసమే. మా పేటలో ఎవరు పోయినా గుంట తవ్వేదీ, పెట్టె దించేదీ, సిలువ నిలబెట్టేదీ అతనేనమ్మా. ముప్పయ్యేళ్ల నుంచీ. గంగాధరరావు కాడ కూడా మట్టిపని, ఇటుకపని అన్నీ అతనే చేస్తాడు. ఇది కూడా అతని చేతే కట్టించుంటారు. వేరే ఎవరున్నారు ఇక్కడ?"

సిల్వియా మళ్లీ సిలువ వైపు తిరిగింది.

ముప్పయ్యేళ్లుగా చర్చిలో ప్రతి సమాధీ పడమరకు తల పెట్టి కట్టినవాడు దీన్ని దక్షిణానికి కట్టాడు. పొరపాటున కట్టలేదు. మెడలు వంచి పని చేయించుకున్నవాళ్లు పక్కనే నిలబడి చూస్తుంటే, వాళ్లకు అర్థం కాని సాక్ష్యం ఒకటి ఇటుకలతో కట్టి పెట్టాడు. మనలో పుట్టినవాళ్లెవరైనా వచ్చి కాళ్ల దగ్గర నిలబడితే తెలిసిపోతుందని కట్టాడు. మేనేజరు వింటుండగా చెప్పగలిగినంతా పొద్దున తనకు చెప్పాడు కూడా. తను అతణ్ని తిట్టిపోసింది. అది చాలదన్నట్టు, అది పొరపాటు కానే కాదని ప్రసాదరావుకు రెండుసార్లు నొక్కి చెప్పింది. థాంక్సండి అని ఊరికే అనలేదు వాడు. వాడికి కావలసిన పేరు తన నోటితోనే అందించింది.

వరదానం ఎముకలు ఎక్కడున్నాయో చెప్పగలిగినవాడు, ఆ పూట ఏం జరిగిందో కళ్లారా చూసినవాడు ఈ భూమ్మీద ఒక్కడే. చెరువు మధ్యలో మేత పడవ కర్రకు కట్టేసి ఉంది. దానిలో మనిషి లేడు.

"విశ్వాసం నంబరుందా?" అని సలోమమ్మ ఫోను లాక్కున్నంత పని చేసింది. నాలుగూ ఇరవై ఎనిమిది. రింగు చాలాసేపు మోగింది. ఆగిపోతుందనుకునేసరికి అవతల ఎత్తారు. మోటారు హోరు, నీళ్ల చప్పుడు, ఆ వెనక తీరిగ్గా గంగాధరరావు గొంతు.

"సలోమమ్మా, విశ్వాసం తూర్పు తూములోకి దిగాడమ్మా. లోపలేదో అడ్డం పడిందంట, తియ్యాలిగా. ఇప్పుడప్పుడే పైకి రాడు. ఏవన్నా చెప్పమంటావా?"

సిల్వియా ఫోను సలోమమ్మ చేతిలో పడేసి, చెప్పులు విడిచి, తూర్పు గట్టు మీద పరుగు తీసింది.